ఉత్తరంలో మొదటి రెండు వరుసలు

చదవడు. చదవనే చదవడు. నేపర్‌విల్‌లో రైలెక్కి కిటికీ పక్కన కూర్చున్న దగ్గర్నుంచీ రాజారావు లోపల ఈ ఒక్క మాటే తిరుగుతోంది. కోటు లోపలి జేబులో ఒక కాగితం ఉంది. కూతురు జయంతి తనకొచ్చిన ఫ్రెంచిలో రాసి, టైపు చేసి, మడత పడకుండా ప్లాస్టిక్ కవర్లో పెట్టి మరీ ఇచ్చింది. ఆరే ఆరు వాక్యాలు. పదకొండు గంటలకి షికాగోలో ఫ్రెంచి కాన్సులేట్ వాళ్ళు ఆయన ఛాతీకి మెడల్ పెడతారు. పెట్టాక ఆ ఆరు వాక్యాలూ చదివి, చెయ్యి కలిపి, ఫొటోకి నవ్వాలి. ఎనభై రెండేళ్ళ మనిషికి ఇంతకంటే ఏం కావాలి అంటారు ఎవరైనా. కానీ ఆ మెడల్ దేనికిట? 1957 మార్చిలో, అల్జీరియాలో, ఫ్రెంచి సైన్యం కోసం ఆయన విప్పిన ఒక రహస్య సందేశానికిట. జీవితం మొత్తంలో ఏ పని గుర్తొస్తే ముద్ద గొంతు దిగదో, ఏరికోరి ఆ పనికే పెడుతున్నారు. ఈ సంగతి పక్కన కూర్చున్న జయంతికి తెలీదు. ఎదురు సీట్లో చెవుల్లో వైర్లు పెట్టుకుని కూర్చున్న మనవరాలు నీహారికకి అసలే తెలీదు. చెప్పడానికి ఉన్నది ఈ రైలు ప్రయాణం, ఒక గంట. చెప్పకుండా వెళ్తే అక్కడ పదిమందిలో జయంతి ముఖం చూడాల్సి వస్తుంది, చెబితే ఇక్కడే చూడాలి. ఎలాగైనా చూడక తప్పదు.

కండక్టరు వచ్చి టికెట్లకి కన్నాలు పొడిచి వెళ్ళాడు. రాజారావు టికెట్ ఎత్తి వెలుతుర్లో చూశాడు. నక్షత్రం. ఈ లైన్లో ఒక్కో కండక్టరు పొడిచే కన్నానికి ఒక్కో ఆకారం ఉంటుందని ఆయన గత ఏడాదే కనిపెట్టాడు, ఎవరూ చెప్పలేదు. ఈ బట్టతలాయన నక్షత్రం, సాయంత్రం బండిలో వచ్చే లావుపాటావిడ అర్ధచంద్రం. ఏం చేస్తాడు, కళ్ళు ఊరుకోవు. లైల్ దాటాక పక్క పట్టాల మీద గూడ్సు బండి ఆగి ఉంటే పెట్టెల మీద నంబర్లలో ఏ అంకె ఎన్నిసార్లు వచ్చిందో చూసుకుంటూ పోతాయి. కార్ల నంబర్ ప్లేట్లు, ఇళ్ళ గుమ్మాలు, షాపుల్లో సరుకుల మీది గీతలు, ఏదీ వదలవు. డాక్టరు దగ్గరికి వెళితే వయసు మీదపడింది కదాని అయిదు మాటలు చెప్పి, కాసేపయ్యాక తిరిగి చెప్పమన్నారు. అయిదూ చెప్పి, వాటిని వెనక నుంచి చెప్పి, వాటిలో ఏ అక్షరం ఎక్కువసార్లు వచ్చిందో కూడా చెప్పి వచ్చాడు. జయంతి కారెక్కాక, "నాన్నగారూ, అడిగినంతవరకే చెప్పొచ్చు కదా" అంది. అడిగినంతవరకే చెప్పడం అన్న విద్య తనకి ఎంత బాగా వచ్చో పాపం దానికేం తెలుసు.

ఈ జబ్బు నిన్నా మొన్నటిది కాదు. యానాంలో అక్కలిద్దరూ క భాష మాట్లాడుకునేవారు, ప్రతి అక్షరం ముందూ ఒక 'క' తగిలించి గడగడా. తమ్ముడికి తెలీదు కదాని ధీమా. అయిదేళ్ళ రాజారావు మూడు రోజులు గోళీలాడుకుంటున్నట్టే కూర్చుని విన్నాడు. నాలుగోనాడు వంటింట్లోకి వెళ్ళి, పెద్దక్క అటక మీద డబ్బాలోంచి జీళ్ళు తీసిందని అమ్మకి చెప్పేశాడు. అమ్మ ముక్కున వేలేసుకుంది, నీకెలా తెలుసురా అని. ఆ ఆశ్చర్యం ఎంత తియ్యగా ఉందో! కానీ వీపు విమానం మోత మోగింది ఎవరిది? అక్కది. తనకి మెప్పు, అక్కకి దెబ్బలు. అప్పుడే బుద్ధి రావలసింది. రాలేదు, ఇంకో ఇరవై రెండేళ్ళు పట్టింది.

"కతాకతా, కభకయకమా?"

నీహారిక చెవిలో వైరు తీసి ముందుకి వంగి అడుగుతోంది. వేసవి సెలవుల్లో తనే నేర్పాడు దానికి. తెలుగు సరిగ్గా పలకదు గానీ ఈ భాష మాత్రం ముక్కున పట్టింది. భయమా అని అడుగుతోంది.

"కలేకదు" అన్నాడు.

"నాకర్థం కాదనుకుంటున్నారా మీరిద్దరూ?" అంది జయంతి ఫోనులోంచి తలెత్తకుండా. "భయం దేనికి, అయిదు నిమిషాల ఫంక్షన్. నాన్నగారూ, స్పీచ్ ఇంకోసారి ప్రాక్టీస్ చేద్దామా?"

"వద్దులేమ్మా."

"గట్టిగా, మెల్లిగా చదవాలి. రికార్డ్ చేస్తున్నారు."

ఇదివరకు ఎవరికీ రాని సరదా జయంతికి వచ్చింది. రెండేళ్ళ కిందట పెట్టె సర్దుతూ తండ్రి సైన్యం కాగితాలు చూసింది. వాటిని స్కాన్ చేసి పారిస్‌కి పంపింది. జవాబు రాకపోతే మళ్ళీ పంపింది. ఆఫీస్‌లో లంచ్ అవర్‌లో, రాత్రి వంటయ్యాక, ఆదివారాలు, ఎన్ని ఈమెయిళ్ళు రాసిందో. ఆఖరికి ఎవరో విసుగెత్తి పాత ఫైలు దుమ్ము దులిపితే అందులో ఒక్క మంచిమాట దొరికింది. 1957 మార్చి, అసాధారణ ప్రజ్ఞ, ఒక సాయుధ నాయకుడి ఆచూకీ. ఆ ఒక్క మాట పట్టుకుని మెడల్ తెప్పించింది. తెలుగు సంఘం వాళ్ళని ఇరవై మందిని పిలిచింది. మెడల్ ఇస్తున్నామని ఉత్తరం వచ్చిన రోజు అది చదివి వంటింట్లో ఏడ్చింది, మా నాన్నని ఇన్నాళ్ళకి గుర్తించారు అని. అప్పుడే చెప్పి ఉంటే పోయేది. దాని ముఖం చూసి నోరు పెగల్లేదు. పైగా, నిజం చెప్పాలంటే, కాన్సులేట్ లోపలికి వెళ్ళాలని తనకీ ఉంది. ఎందుకో దానికి తెలీదు, అంతే తేడా.

డౌనర్స్ గ్రోవ్. బ్రీఫ్‌కేసులు ఎక్కాయి, కాఫీ వాసన ఎక్కింది. ఈ ఏడు విచిత్రంగా మార్చిలోనే ఎండ మండిస్తోంది, కోటులో ఒళ్ళు ఉడికిపోతోంది. విప్పుతానంటే జయంతి ఒప్పుకోదు, నలుగుతుందిట. ఉక్క ఆయనకి కొత్త కాదు. కాకినాడకి బస్సులో గంట దూరమే అయినా యానాం ఫ్రాన్సు వాళ్ళ ఊరు, అక్కడ పుట్టినవాడు ఫ్రెంచివాడు. ఓహేర్ విమానాశ్రయంలో దిగిన ప్రతిసారీ ఇదే తంతు: పాస్‌పోర్టు చూస్తారు, ముఖం చూస్తారు, మళ్ళీ పాస్‌పోర్టు చూస్తారు. నువ్వు ఫ్రెంచివాడివా? పుట్టినప్పటినుంచీ, అంటాడు. పందొమ్మిదో ఏట సైన్యంలో చేరాడు. సైగాన్‌లో సామాన్ల గిడ్డంగిలో పడేస్తే, పెట్టెల మీద నంబర్లన్నీ కాగితం చూడకుండా ఒప్పజెప్పేవాడు. అది చూసిన ఒక ముసలి అధికారి చెవి పట్టుకుని తీసుకెళ్ళి షిఫ్ర్ గదిలో కూర్చోబెట్టాడు. శత్రువులు అంకెల్లో దాచి పంపుకునే సందేశాలు విప్పే గది అది. ఎక్కడ ఏ అంకె మళ్ళీ మళ్ళీ వస్తోంది, దేని పక్కన ఏది కూర్చుంటోంది, అంతే పని. కాలేజీ చదువుల వాళ్ళకి వారం పట్టే కాగితాన్ని రాజారావు రెండు రోజుల్లో విప్పేవాడు. ఎలా అంటే చెప్పడం వచ్చేది కాదు. అక్కల మాటలు వింటూ గోళీలాడినట్టే ఉండేది. ఇండోచైనాలో పని ముగిసి ఫ్రాన్సులో మార్సేయి రేవుకి వెళ్ళే ఓడలో ఉండగా తన ఊరు ఫ్రాన్సు చేతిలోంచి జారి ఇండియాలో కలిసిందని రేడియోలో విన్నాడు. ఓడలో వాళ్ళు చూసి నవ్వారు, నీ ఊరు పోయిందిరా అని. పోవడమేమిటి, ఎక్కడున్నది అక్కడే ఉంది కదా అనుకున్నాడు. ఆ తెలివితేటలతోనే అల్జీరియా వెళ్ళాడు. తన ఊరు విడిపోతే ఊరుకుని, అదే విడుదల అడుగుతున్న మరో దేశం వాళ్ళ ఉత్తరాలు విప్పడానికి కూర్చున్నాడు. సిగ్గు పడాల్సిన చోట సిగ్గు రాలేదు. ప్రజ్ఞ ఒక్కటే కనిపించింది.

ఎక్కడున్నా నెలకో ఉత్తరం వచ్చేది అమ్మ దగ్గర్నుంచి. అమ్మకి రాత రాదు, కొబ్బరి కొట్టు గుమాస్తా చేత రాయించేది. ప్రతి ఉత్తరంలోనూ మొదటి రెండు వరుసలు అవే. ఇక్కడ మేమంతా క్షేమం. అక్కడ నీవు కూడా క్షేమముగా ఉన్నావని తలుస్తాము. తరవాతే ఏదైనా. గేదె ఈనినా, గోదారి పొంగినా, అక్కకి సంబంధం కుదిరినా ఆ రెండు వరుసల వెనకే నిలబడాలి. సైగాన్‌లో ఉండగా ఒకటొచ్చింది. ఇక్కడ మేమంతా క్షేమం. అక్కడ నీవు కూడా క్షేమముగా ఉన్నావని తలుస్తాము. మీ నాన్నగారు కాలం చేసి నేటికి పదమూడు రోజులు. రాజారావు ఒళ్ళు మండిపోయింది. ఎవరే క్షేమం? నాన్న పోయాక ఇంకెవరే క్షేమం అని ఆ కాగితాన్ని పట్టుకుని అరిచాడు, పక్క మంచం వాడు లేచి కూర్చునేలా. ఆ గుమాస్తాని తిట్టాడు. కానీ తిరిగి రాసేటప్పుడు తన చెయ్యి తనకి తెలీకుండానే ఏం రాసింది? అమ్మా, నేనిక్కడ క్షేమం. అవతలివాళ్ళ క్షేమం అడక్కుండా ఉత్తరం ఎలా మొదలుపెడతారు మరి? మర్యాద లేదూ?

సరిగ్గా ఆ మర్యాదే ఆమె కొంప తీసింది.

ఆమె ఎవరో పేరు తెలీదు. యాభై అయిదేళ్ళుగా 'ఆమె' అనే అనుకుంటున్నాడు. ఆ రోజుల్లో వాళ్ళ షిఫ్ర్ గది ఒక కొండ ఊళ్ళో బడిలో ఉండేది. పిల్లల్ని పంపేసి వీళ్ళు దిగారు, నల్లబల్ల మీద కూడికలు అలాగే ఉన్నాయి. ఒక ఊరి నుంచి కొండల్లోకి వెళ్తున్న రొట్టెల బుట్ట అడుగున ఒకదాని తరవాత ఒకటి నాలుగు కాగితాలు దొరికాయి, నిండా అంకెలు, ప్రతిసారీ నకలు తీసుకుని బుట్టని పోనిచ్చారు. కెప్టెన్ రువో, ఇద్దరు కాలేజీ కుర్రాళ్ళు తొమ్మిది రోజులు తలలు పగలగొట్టుకున్నారు. కమాండరుకి అని మొదలవుతుందేమో, అత్యవసరం అనేమో, రహస్యం అనేమో, అన్ని సైన్యం మాటలూ పెట్టి చూశారు, ఒక్కటీ అతకలేదు. రాజారావు చూసింది ఒకటే. నాలుగు కాగితాల్లోనూ అంకెలు వేరు, కానీ మొదటి రెండు వరుసల నడక ఒకటే. ఒకదానిలో ఏ చోట వచ్చిన అంకె మళ్ళీ ఏ చోట వస్తుందో, మిగిలిన మూడింటిలోనూ అదే చోట ఏదో ఒక అంకె తిరిగొస్తోంది. ఏ అక్షరానికి ఏ అంకె అన్న తాళం ప్రతిసారీ మార్చింది పాపం, చెప్పినట్టే జాగ్రత్తగా మార్చింది. మొదటి మాటలు మాత్రం మార్చలేదు. ఆ పొద్దునే తనకి అమ్మ ఉత్తరం వచ్చింది, జేబులోనే ఉంది. మిగతావాళ్ళు భోజనానికి వెళ్ళారు. తను ఆ నాలుగు కాగితాలూ పక్కపక్కన పెట్టి చూస్తూ చూస్తూ, ఊరికే, నవ్వులాటకి, అమ్మ రెండు వరుసలూ ఫ్రెంచిలో రాసి ఆ అంకెల పైన పెట్టాడు. మేమంతా ఇక్కడ క్షేమం, మీరూ క్షేమమని తలుస్తాం. చొక్కా గుండీలు కాజాల్లో పడినట్టు ఒక్కొక్క అక్షరం వెళ్ళి కూర్చుంది. ఇరవై నిమిషాలు కూడా పట్టలేదు.

సంతోషించాడు. ఈ మాట ఎవరి దగ్గరైనా దాచొచ్చు, తన దగ్గర దాచలేడు. లేచి ఈల వేస్తూ బల్ల చుట్టూ తిరిగాడు. అది కమాండరుకి కాదు, ఎవరో ఇల్లాలు కొండల్లో ఉన్న మొగుడికి రాసింది. క్షేమం తరవాత, చిన్నాడికి రెండు పళ్ళు వచ్చాయి. అత్తగారి మోకాళ్ళు నొప్పిగానే ఉన్నాయి. గురువారం పెరటి తలుపు గడియ వెయ్యను. అంతే ఉత్తరం. అంకెల్లో దాచడానికి అందులో ఏముంది, ఆ ఆఖరి మాట తప్ప? ఆ ఆఖరి మాట తీసుకెళ్ళి కెప్టెన్ రువో చేతిలో పెట్టాడు. ఆయన రెండు బుగ్గల మీదా ముద్దుపెట్టుకుని, నా ఇండియన్ అన్నాడు అందరి ముందూ. సరిగ్గా వంటింట్లో అమ్మ ముక్కున వేలేసుకున్నప్పటి తీపి. గురువారం వెళ్ళింది వేరేవాళ్ళు, షిఫ్ర్ గది వాళ్ళు ఎక్కడికీ వెళ్ళరు. శుక్రవారం పొద్దున చనిపోయినవాళ్ళ లెక్క టైపు చేసిన జాబితా వచ్చింది. ఆ ఊరి పేరు, దానికి ఎదురుగా ఒక అంకె.

రెండు.

లా గ్రాంజ్‌లో ఒక బిడ్డతల్లి ఎక్కి పిల్లాడి బండిని నడవాలో ఆపుకుంది. చంటాడు రాజారావు కేసి చూసి బోసినోరు... బోసినోరు కాదు, కింద రెండు పళ్ళున్నాయి. రాజారావు తల తిప్పుకున్నాడు. ఎన్నేళ్ళుగానో ఇంతే, ఆ వయసు పిల్లల నోట్లోకి చూడలేడు, జయంతికి పళ్ళొచ్చినప్పుడూ చూడలేదు. ఒకటి అతను, సరే. రెండో మనిషి ఎవరు? తలుపు తీసి పెట్టిన ఆమెనా? మోకాళ్ళ నొప్పుల ముసలావిడా? ఆ జాబితాలో రెండు పళ్ళవాడు కూడా ఒకటి కిందే లెక్క కదా. ఆ శుక్రవారమే అడిగాడు కెప్టెన్‌ని. ఇద్దరు ఎవరండీ అని. అది మన గది పని కాదు, అన్నాడు రువో, సిగరెట్ ఇచ్చాడు. ఆ సిగరెట్ తీసుకున్నాడు కూడా. ప్రపంచంలో ఎవరెవరి రహస్యాలో విప్పినవాడు, ఒక్క అంకె విప్పలేకపోయాడు. సున్నా నుంచి తొమ్మిది దాకా ఉన్న అంకెల్లో రెండు అంటే ఈ రోజుకీ ఆయనకి పడదు. ఇంటికి పళ్ళు తెచ్చినా మూడు తెస్తాడు.

ఆ తరవాత సంగతి ఫైలులో ఉంది, కానీ అబద్ధంగా ఉంది. ఆ వారం నుంచి పదకొండు కాగితాలు ఆయన బల్ల మీదికొచ్చాయి. పదకొండూ విప్పాడు. ఒక్కొక్కటీ పూర్తిగా చదివి, చదివినదాన్ని పొయ్యిలో వేసి, సాధ్యపడలేదు అని రాసిచ్చాడు. పదకొండుసార్లు. అందులో ఎనిమిది ఉత్తరాల్లో ఇలాంటివే, క్షేమాలు, పెరటి తలుపులు. మూడు మాత్రం నిజంగా సైన్యం సంగతులు. ఆ మూడూ దాచినందుకు ఇటువైపు ఎవరి కొడుకు పోయాడో. అదీ తన మీదే, దాన్ని ఎవరి నెత్తిన రుద్దడు. మొదట్లో రువో జాలిపడ్డాడు, తరవాత కేకలేశాడు, ఆఖర్న ఫైలులో రాసి పారేశాడు: ప్రజ్ఞ సన్నగిల్లింది, మనిషి అలసిపోయాడు, నిలకడైన పనికి తగడు. తీసుకెళ్ళి మళ్ళీ సామాన్ల గిడ్డంగిలో కూర్చోబెట్టారు. పదిహేనేళ్ళు చేసి చిన్న సార్జెంటుగా ఇంటికొచ్చాడు. తోటివాళ్ళు పుదుచ్చేరిలో జూలై పద్నాలుగున, ఫ్రెంచి వాళ్ళ పండగనాడు, మెడల్స్ వేలాడేసుకుని నడుస్తుంటే, తను యానాం బడిలో పిల్లలకి ఫ్రెంచి, లెక్కలు చెప్పుకున్నాడు. అన్నేళ్ళు మిలిట్రీలో చేసి ఏం వెలగబెట్టాడండీ అనేవారు. భార్య వసంతలక్ష్మి పోయేదాకా అదే బాధ పడింది. మీరు నోట్లో నాలుక లేని మనిషి, అందుకే మిమ్మల్ని పైకి రానివ్వలేదు అనేది. ఆవిడకీ చెప్పలేదు. చెబితే ఆ రెండో మనిషి తమ ఇంట్లోకి వచ్చి కూర్చుంటాడని, లేదా కూర్చుంటుందని భయం. మెడల్ పెట్టాలంటే ఆ పదకొండుకి పెట్టండయ్యా! సాధ్యపడలేదని రాసిన ఆ పదకొండు కాగితాలు ఆయన జీవితంలో చేసిన అసలు పని. దాన్ని సన్నగిల్లడం అన్నారు. మనుషుల్ని పట్టించినదాన్ని ప్రజ్ఞ అంటున్నారు. తలకిందులుగా ఉంది ఫైలు మొత్తం, తిప్పి నిలబెట్టేవాడు తను తప్ప ఎవడూ బతికి లేడు.

బెర్విన్. ఇక చాలు. జేబులోంచి ప్లాస్టిక్ కవరు తీసి జయంతి ఒళ్ళో పెట్టాడు.

"నేనిది చదవనమ్మా."

"కళ్ళజోడు తేలేదా? నా ఫోన్‌లో పెద్దక్షరాలు చేస్తానుండండి."

"కళ్ళజోడు ఉంది. నేను చదవను."

చెప్పాడు. అరగంటగా లోపల తిరుగుతున్నది అయిదు నిమిషాల్లో బయటికొచ్చింది. ఎక్కడా ఆగలేదు. రొట్టెల బుట్ట, అమ్మ ఉత్తరం, గడియ వెయ్యని తలుపు, జాబితాలో రెండు, పొయ్యిలో పదకొండు. నీహారిక రెండు చెవుల్లోవీ వైర్లు తీసేసింది. దానికి ఎంత అర్థమైందో గానీ రెప్ప వెయ్యలేదు. జయంతి ఆయన కేసి కాదు, ఒళ్ళో కాగితం కేసి చూస్తూ వింది.

"రెండేళ్ళు రాశాను నాన్నగారూ" అంది చివరికి. "ఒక్కసారైనా వద్దనలేదు మీరు. ఇరవై మందిని పిలిచాను. ఇప్పుడు, రైల్లోనా చెప్పడం?"

"తప్పే. ముందే చెప్పాల్సింది. నీ ముఖం చూసి చెప్పలేకపోయాను."

"అక్కడ ఇదంతా చెబితే వాళ్ళు మెడల్ ఇవ్వరు. ఇంకా ఏమైనా అంటారేమో. కాగితాలు తగలబెట్టానని మీ నోటితో మీరే చెబుతారా? సైన్యంలో దాన్నేమంటారో తెలుసా?"

"ఏమంటారో నీకంటే నాకు బాగా తెలుసు. అననీ. ఎనభై రెండేళ్ళు వచ్చాయి, నన్నిప్పుడు ఏ గిడ్డంగిలో కూర్చోబెడతారు?"

"మరి ఆ ఇరవై మంది?"

"వాళ్ళూ వింటారు. మెడల్ చూడ్డానికి వచ్చినవాళ్ళు అది ఎలా వచ్చిందో వినకూడదా?"

కోపం వస్తే జయంతిది అచ్చం వాళ్ళమ్మ ముఖం, కింది పెదవి బిగుస్తుంది. సిసెరో వచ్చింది, ఎవరూ దిగలేదు, తలుపులు మూసుకున్నాయి. రాజారావు కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాడు. చెప్పాక తేలికవుతుందంటారు, ఏమీ కాలేదు. అయినా సరే. చదవడు. కూతురు మాట్లాడ్డం మానేసినా, ఇరవై మందీ లేచి వెళ్ళిపోయినా చదవడు.

"తాతా" అంది నీహారిక. క భాషలో కాదు, తనకొచ్చిన తెలుగులో, మాట మాట కూడబలుక్కుంటూ. "ఆ సెకండ్ పర్సన్ ఎవరు?"

రాజారావు తిరిగి చూశాడు. కెప్టెన్‌ని తను అడిగిన ప్రశ్న. ఆ తరవాత భూమ్మీద ఇంకెవరూ అడగని ప్రశ్న. పదహారేళ్ళ పిల్ల, సగం సగం తెలుగు, అన్నీ వదిలేసి అదొక్కటే పట్టుకుంది.

"తెలీదమ్మా. అదే అడగడానికి వెళ్తున్నాను" అన్నాడు. "మెడల్ ఇచ్చినవాళ్ళ దగ్గర ఫైలుంటుంది. సార్జెంటు అడిగితే చెప్పలేదు. వాళ్ళు సన్మానం చేస్తున్న మనిషి, పదిమంది ముందు, రికార్డు చేస్తుండగా అడిగితే ఏమంటారో చూద్దాం."

జయంతి చటుక్కున ఆయన వైపు తిరిగింది. కళ్ళు తుడుచుకుని, హ్యాండ్‌బ్యాగ్‌లోంచి పెన్ను తీసి, ప్లాస్టిక్ కవర్లోంచి కాగితం లాగి, ఆరు వాక్యాలూ కిందకి పోయేట్టు తిరగేసి మోకాలి మీద పెట్టుకుంది.

"ఆ ఊరి పేరు గుర్తుందా?"

గుర్తుందా ఏమిటి! చెప్పాడు. అక్షరం అక్షరం చెప్పాడు, అది రాసుకుంది.

"తారీఖు? గురువారంది కాదు, ఆ జాబితా తారీఖు."

చెప్పాడు.

"జాబితా మీద నంబరేమైనా ఉంటుందా? రిఫరెన్స్ నంబర్ లేకపోతే వాళ్ళు ఏదీ వెతకరు. నాకు తెలుసు వాళ్ళ సంగతి."

జాబితా పైన కుడి వైపు మూలన ఏడంకెల నంబరు. ఒక్కసారే చూశాడు, యాభై అయిదేళ్ళ కిందట. కళ్ళు మూసుకోనక్కర్లేకపోయింది. ఏడంకెలూ వరసగా చెప్పాడు. జయంతి రాస్తున్న చెయ్యి ఆపి ఆయన ముఖంలోకి చూసి మళ్ళీ రాసింది.

"ఇవాళ చెప్పకపోతే రేపటినుంచి రాస్తాను" అంది. "మెడల్‌కి రెండేళ్ళు రాశాను. దీనికి ఎన్నేళ్ళయినా రాస్తాను. కానీ మీరు మాత్రం ఆవేశపడకండి. అక్కడికెళ్ళి అరిస్తే ముసలాయన మతి తప్పింది అంటారు, అదొక్కటి చాలు వాళ్ళకి. కోటు బొత్తాలు పెట్టుకోండి."

పెట్టుకున్నాడు. రైలు చీకటి గూడులోకి దూరి యూనియన్ స్టేషన్‌లో ఆగింది. అందరూ ఒక్కసారిగా లేచారు. నీహారిక ముందు దిగి చెయ్యి అందించింది. ప్లాట్‌ఫాం మీద జనం తోసుకుపోతున్నారు. జయంతి కాగితాన్ని కవర్లో పెట్టి, తండ్రి జేబులో కాకుండా ఈసారి తన బ్యాగ్‌లోనే పెట్టుకుంది.

"లోపలికెళ్ళగానే మొదట ఏమంటారు?" అని అడిగింది నడుస్తూ. "అది చెప్పండి. మొదలు సరిగ్గా ఉండాలి."

"మొదట క్షేమం అడుగుతాను" అన్నాడు రాజారావు. "మేమంతా ఇక్కడ క్షేమం, మీరూ క్షేమమని తలుస్తాను అంటాను. ఆమె చివరిదాకా మానలేదు, నేనెందుకు మానాలి? ఆ తరవాత, మెడల్ మీ దగ్గరే ఉంచుకోండి, ఆ రెండో పేరు నాకివ్వండి అంటాను."